రెండు పుస్తెలు

1881 డిసెంబరు 11. ఆదివారం. రాజమండ్రి.

పొద్దు గూకింది. గోదావరి మీంచి చలిగాలి లేచి సందుల్లోకి దూరుతోంది. పౌర్ణమి వెళ్లి ఐదారు రోజులైంది. చంద్రుడు పైకి రావడానికి ఇంకా చాలాసేపు పడుతుంది. ఆ చీకట్లో ఊరంతా ఒకటే మాట నలుగుతోంది. వీరేశలింగం పంతులుగారింట్లో పెళ్లట. పెళ్లికూతురు విధవట. పట్టుమని పన్నెండేళ్లు లేవట. కృష్ణా జిల్లా నుంచి తీసుకొచ్చారట. విన్నవాళ్లలో కొందరు గడియలు బిగించుకుని కూర్చున్నారు. మిగిలినవాళ్లు వీధిలోకి దిగారు. ఆ పెళ్లి జరగనివ్వకూడదని.

ఇంటి లోపల పొయ్యి రాజింది. వంటవాళ్లు మాత్రం లేరు. ఆ ఇంట్లో గరిటె పడితే కులంలోంచి వెలి. నీళ్లు మోసేవాళ్లకీ అదే భయం. పెళ్లింట నీళ్లు లేకపోతే అన్నం ఎలా ఉడుకుతుంది, మంగళస్నానం ఎలా అవుతుంది? పంతులుగారి భార్య రాజ్యలక్ష్మమ్మ కొంగు నడుముకి దోపింది. బిందె చంకనెత్తుకుంది. గోదావరికి నడిచింది. నీళ్లు తనే తెచ్చింది, వంట తనే చేసింది. ఆ రాత్రి ఆ ఇంట్లో అన్నిటికంటే పెద్ద పని ఆవిడదే. కానీ లోపలి గదిలో ఉన్న పిల్ల నుదుట బొట్టు పెట్టాలంటే నీళ్లూ నిప్పూ ఉంటే చాలదు.

ఆ పిల్ల పేరు గౌరమ్మ.

పెళ్లంటే ఏమిటో తెలియని వయసులో పెళ్లయింది. మొగుడంటే ఎవరో తెలియకుండానే మొగుడు పోయాడు. ఆ రోజుల్లో అదేమీ వింత కాదు. ఇంటికొక పిల్ల అలా వెనక గదిలో ఉండేది. బొట్టు తుడిచేస్తారు. గాజులు పగలగొడతారు. పువ్వులు దూరం. పసుపు దూరం. రంగు చీర దూరం. పిల్ల రజస్వల అయ్యేదాకా జుట్టు ఉంచేవాళ్లు చాలామంది. ఆ తర్వాత మంగలిని పిలిచేవాళ్లు. గౌరమ్మకి పన్నెండేళ్లు. అంటే ఆ మంగలి గుమ్మంలోకి వచ్చే రోజు ఇక ఎంతో దూరం లేదు.

ఆ పిల్లది తిరువూరు ప్రాంతం. నూజివీడు నుంచి విస్సన్నపేట మీదుగా ఉత్తరానికి వెళ్తే తగిలే ఊరు. అంతా మామిడి సీమ. డిసెంబరులో ఆ తోటలు చూడాలి. ఆకు ముదిరి నల్లగా నిగనిగలాడుతుంది. పూత ఇంకా బయటపడదు. ఏ ఇంట పెళ్లి జరిగినా ఆ చెట్ల కొమ్మలే ముందు విరుగుతాయి. ఆ ఆకులే దారానికి ఎక్కి గుమ్మానికి తోరణమై వేలాడతాయి. ఆ గుమ్మంలో శుభానికి ఎదురు రాకూడని మనిషి ఎవరంటే, విధవ. పన్నెండేళ్ల పిల్లయినా సరే. చెట్టు నిండా ఉన్న ఆకు ఊరందరికీ శుభం, ఆ ఒక్క పిల్లకి కాదు. ఇది తల్లి చూసింది. రోజూ చూసింది. చూసి చూసి, ఆ కాలంలో ఏ తల్లీ నోట అనడానికి సాహసించని మాటకి ఒప్పుకుంది.

నా కూతురికి మళ్లీ పెళ్లి చెయ్యండి.

ఆ ఒప్పుకోలు వెనక చట్టం కూడా ఉంది. 1856లో వితంతువుల పునర్వివాహ చట్టం వచ్చింది. బెంగాల్లో ఈశ్వరచంద్ర విద్యాసాగరుడు ఏళ్ల తరబడి పోరాడి సాధించిన చట్టం. భర్త కనబడకుండా పోయినా, చనిపోయినా, సన్యాసం పుచ్చుకున్నా, ఇలా ఐదు ఆపదల్లో ఆడది మరో భర్తని పొందవచ్చని పరాశర స్మృతి చెబుతోందని ఆయన పండితుల ముందే వాదించాడు. ఆ ఏడాది డిసెంబరులోనే కలకత్తాలో మొదటి పెళ్లి జరిపించాడు. చట్టంలో ఇంకో ముక్క ఉంది. వితంతువు మైనరైతే, మొదటి మొగుడితో కాపురం జరగకపోయి ఉంటే, పెద్దల అనుమతి కావాలి. ముందు తండ్రి. తండ్రి లేకపోతే తాత. తాత లేకపోతే తల్లి. కాయితం మీద అంతా తేలిగ్గానే ఉంది. చట్టం వచ్చి పాతికేళ్లు గడిచిపోయాయి. తెలుగు నేల మీద ఒక్క తల్లీ, ఒక్క తండ్రీ ముందుకు రాలేదు.

పంతులుగారు మాత్రం ఎదురుచూస్తూనే ఉన్నారు.

కందుకూరి వీరేశలింగం. ఆ ఏటికి ముప్పై మూడేళ్లు. రాజమండ్రి ప్రభుత్వ కళాశాలలో తెలుగు పండితుడు. మనిషికి ఆరోగ్యం అంతంత మాత్రం, పట్టుదల మాత్రం బండంత. 1874లో ‘వివేకవర్ధని’ పత్రిక పెట్టి లంచగొండుల్నీ, బోగం మేళాల్నీ, మూఢనమ్మకాల్నీ ఉతికి ఆరేశారు. 1879లో సభ పెట్టి వితంతు వివాహం శాస్త్రసమ్మతమేనని ఉపన్యాసం ఇచ్చారు. జనం వచ్చారు. కొందరు తిట్టారు. పండితులు ఖండనలు రాశారు. ఆయన వాటికి జవాబులు రాశారు. వాళ్లు మళ్లీ రాశారు. ఇలా ఎన్నేళ్లయినా రాసుకోవచ్చు. ఒక్క పిల్ల మెళ్లో తాళి పడితే తప్ప ఆ వాదన తెగదని ఆయనకి తెలుసు. పిల్ల కావాలి. పిల్లాడు కావాలి. పురోహితుడు కావాలి. డబ్బు కావాలి. ఒకటి దొరికితే ఒకటి జారిపోతోంది.

డబ్బు కాకినాడ నుంచి వచ్చింది. పైడా రామకృష్ణయ్య అనే వర్తకుడు. పెద్దగా మాటలు చెప్పే మనిషి కాడు. ఈ పనికి వేల రూపాయలు పెడతానన్నాడు, పెట్టాడు. రాజమండ్రిలో ఆత్మూరి లక్ష్మీనరసింహం వెన్నుదన్నుగా నిలబడ్డాడు. పంతులుగారి దగ్గర చదువుకుంటున్న కుర్రాళ్లు నడుం బిగించారు. వాళ్లలో బసవరాజు గవర్రాజు ఒకడు. పిల్లాడు కూడా శిష్యుల్లోంచే వచ్చాడు. గోగులపాటి శ్రీరాములు. విశాఖపట్నంలో పోలీసు శాఖలో ఉద్యోగం. పెళ్లాడితే తన వాళ్లు తనని ఇంట్లోకి రానివ్వరని తెలిసే ముందుకొచ్చాడు. ఇక మిగిలింది తిరువూరు నుంచి రాజమండ్రి దాకా ఉన్న దారి.

అప్పటికి రైలు లేదు. బెజవాడ నుంచి గోదావరి వైపు పట్టాలు పడటానికి ఇంకా పదేళ్ల పైచిలుకు ఉంది. ఆ మామిడి సీమ నుంచి ఎవరు రాజమండ్రి రావాలన్నా ఎద్దుబండి కట్టుకుని, తోటల మధ్య ఎర్రమట్టి గతుకుల్లో ఎముకలు కదిలేలా దిగువకి దిగి, ఏలూరు చేరి, అక్కడ కాటన్ దొర తవ్వించిన కాలవలో పడవెక్కి, గట్టు మీద మనుషులు తాడు పట్టి లాగుతుంటే చేల మధ్య నుంచి మెల్లిమెల్లిగా జరిగి, విజ్జేశ్వరం దగ్గర గోదావరి గట్టెక్కి, ఆ సముద్రమంత ఏటిని మళ్లీ పడవ మీద దాటితే గాని అవతలి ఒడ్డున ఊరు కనబడేది కాదు. అంత దారిలో ఎక్కడ ఎవరికి విషయం తెలిసినా పెళ్లి ఆగిపోయినట్టే. బంధువులు వచ్చి బండికి అడ్డం పడతారు. పిల్లని వెనక్కి లాక్కుపోతారు. అందుకే అంతా గుట్టుగా సాగింది. గౌరమ్మ రాజమండ్రి చేరింది. ఆ తర్వాతే ఊరికి తెలిసింది.

తెలిశాక ఊరు ఊరుకోలేదు.

బెదిరింపులు మొదలయ్యాయి. పెళ్లికి వెళ్తే వెలి. తాంబూలం పుచ్చుకుంటే వెలి. ఆ ఇంట మంచినీళ్లు తాగినా వెలి. వెలి అంటే ఇప్పటివాళ్లకి ఒట్టి మాట. అప్పుడు అలా కాదు. ఇంట్లో శవం లేస్తే మోసేవాళ్లుండరు. తద్దినానికి భోక్తలు దొరకరు. కూతురికి సంబంధం రాదు. బావి దగ్గర చేద ఇవ్వరు. నిన్నటిదాకా పంతులుగారి ఉపన్యాసాలకి చప్పట్లు కొట్టినవాళ్లు ఇవాళ జ్వరమని మంచమెక్కారు. పంతులుగారు ప్రభుత్వం సాయం అడిగారు. వీధిలో పోలీసులు కాపలా నిలబడ్డారు. కాలేజీ కుర్రాళ్లు ఇంటి చుట్టూ తిరుగుతున్నారు. ముహూర్తం దగ్గర పడుతోంది. తాళి పళ్లెంలో సిద్ధంగా ఉంది.

పసుపు పూసిన దారం. దానికి రెండు పుస్తెలు. చిన్నవి, గుండ్రటివి, పక్కపక్కనే. తెలుగు ఇళ్లలో ఒకటి పుట్టింటివాళ్లు చేయిస్తారు, ఒకటి అత్తింటివాళ్లు చేయిస్తారు. రెండిళ్లూ ఆ పిల్ల గుండె మీద ఒకచోట కలవాలని.

పెళ్లి సుఖానికి గుర్తుగా రెండింటిని జంట చెయ్యడం మన ఒక్కళ్లకే తోచిన సంగతి కాదు. ఆ రోజుల్లోనే చైనాలో ఏ ఇంట పెళ్లి జరిగినా తలుపు మీద ఎర్ర కాయితం అతికించేవాళ్లు. ఇవాళా అతికిస్తారు. ఆ కాయితంలో సంతోషం అనే అక్షరాన్ని రెండుసార్లు, భుజం భుజం ఆనుకునేలా కత్తిరిస్తారు. రెండు కలిసి ఒకే అక్షరంలా కనబడుతుంది. లాంతర్ల మీద అదే, టీ కప్పుల మీద అదే, కొత్త దంపతుల దుప్పటి మీద అదే. దానికో కథ చెప్పుకుంటారు. వెయ్యేళ్ల కిందట సోంగ్ రాజుల కాలంలో వాంగ్ అన్‌షీ అనే కుర్రవాడు రాజధానికి పరీక్ష రాయడానికి పోతున్నాడు. దారిలో ఓ సంపన్నుల ఇంటి ముందు లాంతరు వేలాడుతోంది. దాని మీద సగం పద్యం. మిగతా సగం పూరించినవాడికి ఆ ఇంటి పిల్లనిస్తారు. అక్కడ పూరించలేదు, చూసి మనసులో పెట్టుకుని వెళ్లిపోయాడు. తీరా పరీక్షలో అడిగింది అలాంటి పద్యమే. లాంతరు మీది సగమే అక్కడ పనికొచ్చింది. పరీక్షలో ఇచ్చిన సగం తిరిగొచ్చాక ఆ ఇంటి గుమ్మంలో పనికొచ్చింది. పెళ్లి జరుగుతుండగా పరీక్ష నెగ్గాడన్న కబురు వచ్చింది. పట్టలేని ఆనందంతో సంతోషం అన్న అక్షరాన్ని జంటగా రాసి తలుపుకి అంటించాడట. కథ నిజమో కాదో గాని ఆ మనిషి నిజం. తర్వాత సోంగ్ సామ్రాజ్యానికి ప్రధానమంత్రి అయ్యాడు.

కానీ అదే చైనాలో ఊరి మొగలో రాతి తోరణాలు కూడా నిలబెట్టేవాళ్లు. అవి విధవలకి. ముప్పై ఏళ్లలోపు మొగుడు పోయి, యాభై ఏళ్లు వచ్చేదాకా మళ్లీ పెళ్లాడకుండా ఉన్న ఆడదానికి చక్రవర్తి పేరుతో దక్కే గౌరవం. తలుపు మీద ఎర్ర కాయితం ఒక్కసారే. ఆ తర్వాత జీవితమంతా రాయి. విధవ పెళ్లికి ఎవరూ అడ్డు చెప్పరాదన్న చట్టం అక్కడ 1950లో గాని రాలేదు. మన దగ్గర రాతి తోరణాలు లేవు. వెనక గది ఉంది. గౌరమ్మ ఆ గదిలోంచి బయటికొచ్చి పీటల మీద కూర్చోవాలి. ఆ పీటల దగ్గరే అసలు చిక్కు వచ్చిపడింది.

కన్యాదానం.

ఎదటిపక్షం పండితుల పెద్ద అస్త్రం అదే. ఒకసారి దానం ఇచ్చేసిన పిల్లని రెండోసారి ఎలా దానం ఇస్తారు? ఇచ్చిన ఆవుని మళ్లీ ఇంకొకరికి ఇస్తారా? పిల్లని ఆవుతో సమానం చేసిన ఆ వాదానికి ఊళ్లో తలలు ఊగాయి. దానికి చట్టం జవాబు చెప్పింది. మొదటి పెళ్లికి ఏ మంత్రాలు, ఏ తంతు చాలునో, విధవ పెళ్లికి కూడా అవే చాలునని 1856 చట్టంలోనే రాసి ఉంది. రాత బాగానే ఉంది. ఆ మంత్రాలు చదివే నోరు దొరకాలి కదా. పురోహితుడు దొరకడమే గగనమైంది. వచ్చినవాడు రేపటి నుంచి తన ఊళ్లో తన బతుకేమిటని లెక్క వేసుకోవాలి. లెక్క వేసుకునే వచ్చాడు. కూర్చున్నాడు. గొంతు సవరించుకున్నాడు.

మంత్రం మొదలైంది.

నూనె దీపాల వెలుగు. హోమం పొగ. బయట వీధిలో అలికిడి. లోపల ప్రతి మనిషి చెవి ఒకటి మంత్రం మీద, ఒకటి తలుపు మీద. పన్నెండేళ్ల పిల్ల నుదుట కుంకుమ పడింది. నిజానికి కుంకుమ ఆ పిల్లకి మొగుడిచ్చింది కాదు. పుట్టిన పదకొండో రోజునో, ఇరవై ఒకటో రోజునో తల్లే పెట్టింది. పసుపు తల్లే రాసింది. చెవి కుట్టించి, గాజులు తొడిగించి, జడలో పువ్వు పెట్టింది తల్లే. మొగుడు తెచ్చింది ఒక్క తాళి. అతను పోతే పోవలసింది ఆ ఒక్కటే. అతని వెంట అన్నీ ఎందుకు పోవాలో పాతికేళ్లుగా వాదించిన పండితులెవరూ చెప్పలేకపోయారు. ఈ ముక్క తెలుగు ఆడవాళ్లకి చెప్పకుండానే తెలుసు. మళ్లీ పెళ్లికి ఒప్పుకున్న ఆ తల్లికి అందరికంటే బాగా తెలుసు.

శ్రీరాములు లేచి నిలబడ్డాడు. తాళి చేతిలోకి తీసుకున్నాడు.

ఒక ముడి.

రెండో ముడి.

వీధిలోంచి ఎవరూ లోపలికి రాలేకపోయారు. పోలీసులు కదల్లేదు. కుర్రాళ్లు కదల్లేదు.

మూడో ముడి పడింది. తెలుగు నేల మీద పంతులుగారు చేయించిన మొదటి వితంతు వివాహం అది.

ఇవాళ్టి కళ్లతో చూస్తే ఆ పెళ్లికూతురు కూడా పసిపిల్లే. పన్నెండేళ్ల పిల్లకి పెళ్లి చెయ్యడం ఇప్పుడు నేరం. శారదా చట్టం వచ్చి ఆడపిల్ల పెళ్లి వయసు పద్నాలుగని తేల్చింది 1929లో, ఆ రాత్రికి దాదాపు యాభై ఏళ్ల తర్వాత. ఇది దాచిపెట్టి పంతులుగారిని పొగడటం ఆయనకే ఇష్టం ఉండదు. బాల్య వివాహాల మీద కూడా కలం దూసిన మనిషాయన. కానీ ఆ రాత్రి గౌరమ్మ ముందున్న దారులు రెండే. ఒకటి మంగలి కత్తి. రెండోది ఈ పీట. మూడో దారి ఆ కాలం ఆ పిల్లకి ఇవ్వలేదు.

తెల్లారింది. అసలు శిక్ష అప్పుడు మొదలైంది.

పెళ్లిలో భోంచేసినవాళ్లందరికీ వెలి. పీఠాధిపతి దగ్గర్నుంచి శ్రీముఖం, అంటే ఆజ్ఞాపత్రం, దిగింది. ప్రాయశ్చిత్తం చేయించుకుంటే తప్ప కులంలోకి రానివ్వమన్నారు. రాత్రి పంక్తిలో పక్కపక్కన కూర్చున్న మిత్రుల్లో కొందరు మెల్లిగా జారుకున్నారు. పంచగవ్యం పుచ్చుకున్నారు, దక్షిణలు సమర్పించుకున్నారు, మళ్లీ మడి కట్టుకున్నారు. వాళ్ల మీద రాయి వెయ్యడం తేలిక. ఇంట్లో పెళ్లీడు కూతుళ్లున్నవాళ్లు వాళ్లు. ముసలి తల్లులున్నవాళ్లు. కానీ పంతులుగారికి తగిలిన దెబ్బ శత్రువులది కాదు, వీళ్లది. ఉపన్యాసం ఇచ్చిన రోజున చుట్టూ ఉన్న గుంపులో సగం మంది ఆయన ఇంటి వైపు రావడం మానేశారు.

రాజ్యలక్ష్మమ్మ మానలేదు. మానితే ఆ ఇల్లు ఏమయ్యేదో ఊహించడం కష్టం. పెళ్లి చేసుకున్న జంటలకి అద్దెకి కొంప ఇచ్చేవాడు లేడు. పెళ్లి కోసం ఇళ్లు వదిలొచ్చిన విధవలకి తలదాచుకునే చోటు లేదు. వాళ్లందరికీ ఆ ఇల్లే పుట్టిల్లయింది. వాళ్లకి వండింది, వడ్డించింది, జబ్బు చేస్తే మంచం పక్కన కూర్చుంది. పంతులుగారికి దక్షిణదేశపు విద్యాసాగరుడని పేరొచ్చింది. సభల్లో ఆయనకి దండలు పడ్డాయి. ఆవిడకి దక్కింది చాకిరీ. పిల్లలు లేని ఆ దంపతులు 1906లో హితకారిణీ సమాజం పెట్టి, ఉన్న ఆస్తంతా దానికే రాసిచ్చారు. 1910లో ఆవిడ పోయింది. 1919లో ఆయన.

ఆ డిసెంబరులో మాత్రం ఇవేవీ ఎవరికీ తెలియవు. ముందు ఏముందో తెలియదు. తెలిసింది ఒక్కటే. ఒక పెళ్లి చేసి ఆగిపోతే ఊరు దాన్ని ఏదో పొరపాటని కొట్టిపారేస్తుంది. రెండోది జరిగితేనే అది దారి అవుతుంది. వెలి పడినా, వంటవాళ్లు దొరక్కపోయినా, మిత్రులు మొహం చాటేసినా పంతులుగారు మరో జంటని సిద్ధం చేశారు. వారం తిరక్కుండానే రాజమండ్రిలో రెండో వితంతువు మెళ్లో తాళి పడింది. ఆయన చేయించినవి చివరికి నలభై దాకా తేలాయి.